వెట్‌మోర్ డాక్టరు తొమ్మిదో అధ్యాయం

రెండు కళ్ళూ పోయిన ఏడాదే ఎలైహు వెట్‌మోర్ డాక్టరు పుస్తకం మొదలుపెట్టాడు. శుక్లాలు తీయించుకుందామని బోస్టన్ వెళ్ళాడు. ఒక కన్ను చీము పట్టి పోయింది, రెండోది పాలమీగడ కప్పినట్టు తెల్లబడిపోయింది. నలభై ఏళ్ళపాటు కనెక్టికట్ నదికి రెండు గట్ల మీదా గుర్రమెక్కి తిరిగిన మనిషి. తన ఊరు హార్లో ఫాల్స్‌లో నలభై లోపు వయసున్న వాళ్ళలో ఆయన చేతుల్లో పుట్టనివాళ్ళు అరుదు. ఇప్పుడు వైద్యమంతా హాలిస్ క్రేన్ అనే కుర్ర డాక్టరుకి అప్పగించి, పొయ్యి పక్కన కుర్చీలో కూచుని తనకు తెలిసినదంతా చెప్పడం మొదలుపెట్టాడు. ఆయన చెప్పేవాడు, పెద్దకూతురు థిర్జా రాసేది.

థిర్జాకి ముప్ఫై నాలుగేళ్ళు. పెళ్ళి చేసుకోలేదు. తల్లి పోయాక ఇల్లు చూసుకుంటూ, ఊరి బడిలో ఎనిమిదేళ్ళు పాఠాలు చెప్పింది. దస్తూరీ ముత్యాల్లా ఉంటుంది. డాక్టరు చేరలేని పొలాల్లో, మంచు కురిస్తే నెల్లాళ్ళు దారి మూసుకుపోయే ఇళ్ళలో, తల్లులు చదువుకుని పిల్లల్ని కాపాడుకోవడానికి ఆ పుస్తకం.

"ఆ మాట కింద గీత గియ్యి," అనేవాడు తండ్రి. "రెండు గీతలు గియ్యి. చదివేవాళ్ళు మొద్దులు."

"మొద్దులని కూడా రాయమంటారా?"

"అది మాత్రం వద్దు. పుస్తకం కొనేది వాళ్ళే."

అలా నవ్వుకుంటూనే ఎనిమిది అధ్యాయాలు అయ్యాయి. జ్వరాలు, విరిగిన ఎముకలు, పిల్లల కోరింతదగ్గు, పాముకాటు. తొమ్మిదోది కాన్పుల గురించి. అది వస్తుందని థిర్జాకి మొదటినుంచీ తెలుసు. అది మొదలుపెట్టే రోజు పొద్దున్న మొక్కజొన్న రొట్టె ముట్టుకోకుండానే బల్ల దగ్గర కూచుంది.

ఆమె చెల్లెలు రోడా పదకొండేళ్ళ కిందట మార్చి నెలలో పోయింది. ఆమోస్ ఫెయిర్‌బ్యాంక్ అనే రైతుని చేసుకుంది. తొలికాన్పు. ఆడపిల్ల పుట్టింది, బంగారంలా ఉంది. మూడోనాడు రోడాకి చలి పుట్టి వణుకు, పొట్ట ఉబ్బు, ఒళ్ళు పేలిపోయే జ్వరం. తండ్రే వైద్యం చేశాడు. మోచేతి దగ్గర నరం కోసి నెత్తురు తీశాడు. ఆమోస్ భుజాలు పట్టుకున్నాడు, థిర్జా గిన్నె పట్టుకుంది. రెండోసారి తీసేటప్పుడు రోడా, "నాన్నగారూ, ఇక చాలు. దాహంగా ఉంది, నీళ్ళివ్వండి," అంది. నీళ్ళిస్తే జ్వరం పెరుగుతుందని ఆయన ఇవ్వనివ్వలేదు. మూడోసారీ తీశాడు. ఐదోనాటికి రోడా లేదు. ఆ వేసవిలోనే ఆమోస్ పొలం అమ్మేసి, పాపనెత్తుకుని ఒహాయో వెళ్ళిపోయాడు. మామగారితో వెళ్ళొస్తానని కూడా చెప్పలేదు. ఇన్నేళ్ళలో థిర్జాకి రెండు ఉత్తరాలు రాశాడు, ఆయనకి ఒక్కటీ లేదు. ఆ ఇంట్లో రోడా పేరు ఎత్తడం మానేశారు.

ఆ పొద్దున తండ్రి గొంతు ఎప్పటిలాగే నిలకడగా ఉంది.

"బాలింత జ్వరంలో వైద్యుడికి ముందుగా కావలసింది ధైర్యం. మొదటి వణుకు వచ్చిన ఆరు గంటల్లోపే, రోగి సొమ్మసిల్లేదాకా నెత్తురు తీయాలి. జాలిపడి చేయి వెనక్కి తీసుకున్నవాడు రోగిని పోగొట్టుకుంటాడు. రాశావా?"

"రాశాను," అంది థిర్జా. ధైర్యం అన్న మాట దగ్గరే ఆమె కలం ఆగిపోయింది.

మధ్యాహ్నం ఆయన కునుకు తీస్తుండగా మళ్ళీ బల్ల దగ్గర కూచుంది. తండ్రి మాటతీరు ఆమెకి కంఠతా వచ్చు. ఆయన రాసినట్టే రాసింది. 'ఈ జ్వరంలో నేను ఎందరికో నెత్తురు తీశాను. నా కన్నకూతురికి మూడుసార్లు తీశాను. ఆమె నీళ్ళడిగింది, ఇవ్వలేదు. నేను చేసింది తప్పు. ఇది చదివే తల్లులారా, మీ కూతురికి ఈ జ్వరం వస్తే నీళ్ళివ్వండి. నెత్తురు తీస్తానని ఎవరొచ్చినా, నేనే వచ్చినా, గడప దాటి రానివ్వకండి.'

సాయంత్రం ఆయన, "పొద్దున చెప్పింది ఓసారి చదువు," అన్నాడు. థిర్జా ఆ కాగితాన్ని ముందు పెట్టుకుని, ఆయన పొద్దున చెప్పిన మాటలు గుర్తున్నవి గుర్తున్నట్టు అప్పజెప్పింది. ఆయన తల ఊపాడు. థిర్జా అంతవరకూ అబద్ధం చెప్పి ఎరగని మనిషి. పుస్తకం చదివే ఆడవాళ్ళ కోసమే చేశానని తనకి తాను చెప్పుకుంది. అది నిజమే. కానీ 'నేను చేసింది తప్పు' అన్న మాట తండ్రి నోట వినాలని పదకొండేళ్ళు ఎదురుచూసి, ఇక విననని తేలిపోయి, ఆ మాట తానే రాసుకుంది. అదీ నిజమే.

పుస్తకం మరుసటి వసంతంలో బోస్టన్‌లో అచ్చయింది. బళ్ళలో వేసుకుని ఊరూరా అమ్మారు. ఆయన తోలు అట్టని పిల్లని నిమిరినట్టు నిమిరేవాడు. ఉత్తరాలు వచ్చేవి. తొమ్మిదో అధ్యాయం మాట ఉన్నచోట థిర్జా ఒక వాక్యం దాటేసి చదివేది. క్రేన్ డాక్టరు అది చదివాడు కానీ, పెద్దాయన గాయం కెలకడం ఇష్టంలేక ఆ మాట ఎత్తలేదు. అలా ఆరునెలలు గడిచాయి. అక్టోబరులో, ఆపిల్ పళ్ళు ఎండబెడుతున్న రోజుల్లో, ఒహాయో నుంచి ఉత్తరం వచ్చింది. పైన డాక్టరు గారి పేరే ఉంది.

"ఆమోసా?" అన్నాడు తండ్రి. ఉత్తరాన్ని చేత్తో తడిమి, మళ్ళీ ఆమెకే ఇచ్చేశాడు. "చదువు."

దాచేయొచ్చు. మార్చి చదవొచ్చు. కానీ ఆ దస్తూరీ చూడగానే థిర్జాకి చేతకాలేదు. చదివింది.

'మామగారూ, పుస్తకాలమ్మే అతను మా ఇంటికొచ్చాడు. మీ పేరు చూసి, పొయ్యిలో పడేద్దామనే కొన్నాను. పడేసే ముందు తొమ్మిదో అధ్యాయం తీశాను. చదివాక పొలంలోకి వెళ్ళి చాలాసేపు కూచున్నాను. ఇన్నేళ్ళూ మిమ్మల్ని తిట్టుకోని రోజు లేదు. మీ అంతటి మనిషి ఆ మాట లోకమంతా చదివేట్టు రాస్తారని ఎప్పుడూ అనుకోలేదు. పాపకి తాతగారున్నారని ఇంతవరకూ చెప్పలేదు. నిన్న చెప్పాను. దానికి అచ్చం వాళ్ళమ్మ నవ్వే. వచ్చే వేసవిలో తీసుకొస్తాను.'

పొయ్యిలో కట్టె చిటపటలాడింది.

"నేనేం రాశాను?" అన్నాడు ఆయన.

థిర్జా ఉత్తరాన్ని మడిచింది.

"పుస్తకం తే. అచ్చులో ఏముంటే అది చదువు."

చదివింది. నీళ్ళ మాట దగ్గర కూడా ఆపలేదు.

"ఇది నా మాట కాదు."

"కాదు నాన్నగారూ."

"నా కూతురు చావుని నా నోట్లో పెట్టి ఊరూరా అమ్మావు."

"మీరు ఎప్పటికీ అనరని అన్నాను నేను."

"అనను. తప్పు చెయ్యలేదు గనక అనను." కర్ర తడుముకుంటూ లేచాడు. "ఒకరి పేరుతో దొంగ సంతకం పెడితే జైల్లో వేస్తారు. నిన్నేం చెయ్యాలో నాకు తెలీడం లేదు."

తొమ్మిది రోజులు ఆమెతో మాట్లాడలేదు. పెట్టింది తిన్నాడు, అంతే. పదోనాడు క్రేన్‌ని పిలిపించి, ఆ పేజీ తీసేసి తన అసలు మాటలు వేయాలని బోస్టన్‌కి ఉత్తరం రాయమన్నాడు. థిర్జా వంటింటి గుమ్మంలో నిలబడి వింది.

"రాయమంటే రాస్తానండీ," అన్నాడు క్రేన్. "ఏమని రాయను? మళ్ళీ నెత్తురు తీయమని చెప్పండి అనా?"

"తీయడం తప్పని రుజువు చేసిందెవరు? నువ్వా?"

"నాకంత అనుభవమెక్కడిదండీ. మీ డైరీలున్నాయి కదా, నలభై ఏళ్ళవి. ఏ కేసు ఏమైందో అన్నీ రాసిపెట్టారు. ఓసారి చూసుకోండి, ఆ తర్వాత ఎలా రాయమంటే అలా రాస్తాను."

"చూసుకోవడానికి కళ్ళు ఇస్తావా?"

క్రేన్ గుమ్మం వైపు చూశాడు. పెద్దాయనకి అది కనపడలేదు గాని అర్థమైంది. కాసేపు గడ్డం గోక్కున్నాడు.

"థిర్జా," అన్నాడు. పది రోజుల్లో అదే మొదటి పిలుపు. "అటక మీంచి డైరీలు దింపు. ఉన్నది ఉన్నట్టు చదవాలి. నీ దయ నాకక్కర్లేదు."

తొలిమంచు పడిన వారంలో బాలింత జ్వరం కేసులన్నీ తీసి మొదలుపెట్టారు. లెక్క ఆయన చేతులకి తెలియాలని రెండు గిన్నెల్లో చిక్కుడుగింజలు వేసుకున్నారు. ఎడమ గిన్నె నెత్తురు తీసినవాళ్ళకి, కుడి గిన్నె తీయనివాళ్ళకి. దారి మూసుకుపోయి ఆయన ఆలస్యంగా చేరిన కేసులు, ఇంట్లోవాళ్ళు ఒప్పుకోనివి కుడిగిన్నెలోకి వెళ్ళాయి. బతికితే చిన్న గింజ, పోతే పెద్ద గింజ. థిర్జా పేరు చదివేది, ఆయన గింజ వేసేవాడు. ఒక్కో పేరుకి ఆయనకి ఇల్లు గుర్తొచ్చేది. "ఆ ఇంటి ముందు ఎర్ర కుక్క ఉండేది," అనేవాడు. "ఆవిడ నాకు మేపుల్ పాకం సీసా ఇచ్చింది, ఏడో నెలలో." తర్వాత గింజ వేసేవాడు.

డిసెంబరుకి అయిపోయింది. మొత్తం అరవై ఒక్కమంది. ఎడమ గిన్నెలో నలభై నాలుగు, అందులో ముప్ఫై ఒకటి పెద్ద గింజలు. కుడిగిన్నెలో పదిహేడు, అందులో పెద్దవి ఆరు. ఆయన ఒక్కో గిన్నెలో చెయ్యి పెట్టి వేళ్ళతో అటూ ఇటూ కదిపి చూశాడు. మళ్ళీ చూశాడు.

"నువ్వు రాసింది నిజమే," అన్నాడు.

అన్నేళ్ళు ఎదురుచూసిన మాట అది. విన్నాక థిర్జాకి సంతోషం కలగలేదు. లేచి వెళ్ళి ఆయన భుజం మీద చెయ్యి వేసింది. ఆయన ఆ చెయ్యి తోసెయ్యలేదు గాని, మనసు వేరేచోట ఉంది.

"ఆ ఏడు ఫిబ్రవరి ఆఖరి నుంచి మళ్ళీ చదువు. తేదీలతో."

"రోడాదా?"

"దానికంటే ముందువి."

చదివింది. ఫిబ్రవరి ఇరవయ్యారున హోయ్ట్ భార్య, నది తూర్పుగట్టు. మార్చి ఒకటిన మేసన్ కోడలు, అదే గట్టు. అయిదున టటిల్ భార్య, అక్కడే. ముగ్గురి కాన్పులూ ఆయనే చేశాడు, ముగ్గురికీ జ్వరమే. 'మార్చి తొమ్మిది. టటిల్ భార్య చనిపోయింది. భర్త అనుమతితో పొట్ట కోసి చూశాను, పొద్దున పదకొండు గంటలకి. అక్కడికే ఆమోస్ వచ్చాడు. రోడాకి నొప్పులు మొదలయ్యాయట. అట్నుంచి అటే వెళ్ళాను.'

"అట్నుంచి అటే," అన్నాడు ఆయన. "చేతులు కోటుకి తుడుచుకున్నాను. నది మీద మంచు ఇంకా గట్టిగానే ఉంది, బండి పడమటి గట్టుకి దాటింది. ఆమోస్ తొందరపెడుతున్నాడు. రోడా నన్ను చూసి, వచ్చారా నాన్నగారూ అని నవ్వింది. ఈ చేతులతోనే." ఆగాడు. "ఆ నెలలో పడమటి గట్టున ఇంకా కాన్పులయ్యాయా?"

"అయిదు అయ్యాయని ఇక్కడ రాసుకున్నారు. మంత్రసాని చేసింది."

"ఎవరికైనా జ్వరం?"

"లేదు."

బోస్టన్‌లో కొందరు ఈ జ్వరం వైద్యుల చేతుల వల్లే ఒకరి నుంచి ఒకరికి పోతుందని అంటున్నారు. ఆ సంగతి రాసిన కాగితం ఎప్పుడో ఆయనకీ వచ్చింది. దాంతో పొయ్యి రాజేశాడు. అది థిర్జాకి తెలుసు. నెత్తురు సంగతి ఆయన ఒప్పుకోవాలని కోరుకుంది. ఇది మాత్రం ఆమె కోరుకోలేదు.

"మీకెలా తెలుస్తుంది నాన్నగారూ. అప్పట్లో అందరూ గాలిలో ఉంటుందనే అన్నారు. గాలి వల్లే వచ్చిందేమో."

"గాలి నది దాటలేదమ్మా. నేను దాటాను."

ఆ రోజంతా ఆయన కుర్చీలోంచి లేవలేదు. మర్నాడు కాగితాలు తీయమన్నాడు. మూడు రోజులు చెప్పాడు. పేర్లు, తేదీలు, ఏ ఇంటి నుంచి ఏ ఇంటికి వెళ్ళిందీ, కోటు సంగతీ, అన్నీ. చేతులూ గోళ్ళూ వేటితో కడుక్కోవాలో క్రేన్‌ని అడిగి రాయించాడు. "ఒక్క ముక్క మార్చకు," అని మొదటిరోజే అన్నాడు. థిర్జా మార్చలేదు. ఆ తర్వాత ఆమోస్‌కి ఉత్తరం రాయాలన్నాడు.

"ఆమోస్‌కి వద్దు," అంది థిర్జా. "పాపని తీసుకొస్తానన్నాడు. ఒక్కసారి చూడండి. మీ చేతికి దాని మొహం తగలనివ్వండి. ఆ తర్వాత రాద్దాం."

"ఎవరి దగ్గరికి తీసుకొస్తున్నాడు? ఆ పేజీ రాసిన మనిషి దగ్గరికి. ఆ మనిషి నేను కాను, నువ్వు."

"మీరు కూడా ఒప్పుకున్నారు కదా."

"నువ్వు ఒప్పుకున్నాక ఒప్పుకున్నాను. వాణ్ణి మోసం చేసి ఆ పిల్లకి ముద్దు పెట్టను. రాయి."

ఆ పేజీ కూతురు రాసిందని, తాను అప్పుడు దానికి వ్యతిరేకంగా చెప్పానని, నెత్తురు తీయడం కంటే పెద్ద తప్పు ఇంకోటుందని, టటిల్ ఇంటి నుంచి చేతులు కడుక్కోకుండా రోడా దగ్గరికి రావడమే అదని చెప్పాడు. క్షమించమని మాత్రం రాయించలేదు. థిర్జా ఉత్తరం పట్టుకుని తపాలా ఆఫీసులో పొయ్యి దగ్గర నిలబడిపోయింది. తపాలా ఆయన, "ఉత్తరం వెయ్యడానికొచ్చావా, చలి కాచుకోడానికొచ్చావా అమ్మాయ్?" అన్నాడు. ఇచ్చేసింది.

టటిల్‌కి ఆయన తనే చెప్పాడు. భార్య పోయాక టటిల్ మళ్ళీ పెళ్ళి చేసుకోలేదు. ప్రతి గురువారం వచ్చి డాక్టరుతో గళ్ళబల్ల ఆట ఆడేవాడు. గుడ్డాయనకి తెలిసేలా తన కాయలకి గుడ్డపీలికలు చుట్టింది అతనే. ఆట మధ్యలో చెప్పాడు డాక్టరు. టటిల్ అంతా విన్నాడు. "అప్పుడు మీరు ఏడ్చారు నాతోపాటు," అన్నాడు. టోపీ తీసుకుని వెళ్ళిపోయాడు. కాయలు ఉన్నచోటే రెండు వారాలు ఉన్నాయి. ఆ తర్వాత థిర్జా సర్దేసింది.

ఫిబ్రవరిలో ఆమోస్ జవాబు వచ్చింది. 'మీ ఉత్తరం అందింది. పాపకి ఏం చెప్పాలో నేను చూసుకుంటాను. మేము రావడం లేదు.'

"ఇంకా?"

"అంతే నాన్నగారూ."

"మామగారూ అని పెట్టాడా?"

థిర్జా కాగితం వైపు చూసింది. పెట్టాడని అంటే ఎవరికి తెలుస్తుంది.

"లేదు," అంది.

ఆయన తల ఊపాడు. "కాస్త దగ్గరికి జరుపు కుర్చీని. పొయ్యి వేడి తెలీడం లేదు," అన్నాడు.

ఆ తర్వాత మనిషి త్వరగా తరిగిపోయాడు. ఏప్రిల్‌లో, మంచు కరిగి దారులన్నీ బురదైన రోజుల్లో, ఒక మధ్యాహ్నం పోయాడు. నలభై ఏళ్ళు ఊరికి వైద్యం చేసినవాడి వెంట ఇరవైమంది కూడా నడవలేదు. బురద అన్నారు. టటిల్ వచ్చాడు గాని, స్మశానం కంచె బయటే నిలబడ్డాడు. థిర్జా చూసింది. లోపలికి రమ్మని పిలవలేదు, అతనూ రాలేదు.

కొత్త అధ్యాయం అచ్చువేస్తే పుస్తకం అమ్ముడుపోదని, వైద్యులంతా కోపగిస్తారని బోస్టన్ నుంచి రాశారు. థిర్జా ఊళ్ళో అచ్చాఫీసులో దాన్ని పన్నెండు పేజీల చిన్న పుస్తకంగా వేయించింది. క్రేన్ కొన్ని తీసుకుని తోటి వైద్యులకి పంపాడు. చాలావరకు తిరిగొచ్చాయి. మిగిలినవి థిర్జా సంచిలో వేసుకుని, రెండు గట్ల మీదా మంత్రసానుల ఇళ్ళకి నడిచి వెళ్ళింది. మేసన్ గారింట్లో తలుపు తీసి, పుస్తకం పేరు చూసి, తలుపు వేసేశారు.

తూర్పుగట్టున కొండ వాలులో గేల్ ముసలమ్మ ఉంటుంది. యాభై ఏళ్ళుగా కాన్పులు చేస్తోంది. చదువు రాదు. థిర్జా వెళ్ళేసరికి పిండి పిసుకుతోంది.

"నాకు కాగితాలెందుకమ్మాయ్? పొయ్యి రాజేసుకోడానికా? చదువుతాను విను అంటావా, చదువు మరి. నేను పని ఆపను."

థిర్జా బల్ల చివర కూచుని మొదటినుంచి చివరిదాకా చదివింది. ఎక్కడా ఆగలేదు. ముసలమ్మ పిండి మడతపెట్టి, గుద్ది, తిప్పి, మళ్ళీ మడతపెట్టింది. చదవడం అయ్యాక కూడా కాసేపు పిసుకుతూనే ఉంది.

"మధ్యలో రోడా అన్నావు. ఎవరు?"

"మా చెల్లెలు."

"ఊఁ." పిండిని గిన్నెలో పెట్టి గుడ్డ కప్పింది. "ఏదో చెప్పావే, చేతులు కడుక్కోడానికి. బట్టలు తెల్లబరిచే సున్నపు పొడా?"

"అవును. క్రేన్ డాక్టరు దగ్గర దొరుకుతుంది."

"ఎన్ని నీళ్ళకి ఎంత?"

థిర్జా ఆ పేజీ తిరగేసి మళ్ళీ చదివింది. ముసలమ్మ ఆ కొలత పెదాలతో అనుకుంది, తప్పు చెప్పి, సరిదిద్దుకుని, మరోసారి అంది. మూడోసారి థిర్జా కాగితం చూడకుండానే ఆమెతోపాటు చెప్పింది.